ఉచితం అంటే ఊరికే వచ్చింది కాదు



మన హాస్టల్ సంచికలో ఏటా అమ్మ మీద కవితలు ఉంటాయి, స్నేహం మీద వ్యాసాలు ఉంటాయి, చివర్లో వార్డెన్ సార్‌కు కృతజ్ఞతలు ఉంటాయి. అవన్నీ ఉండవలసినవే. మేము మాత్రం ఈసారి ఒక పటం గురించి రాస్తున్నాం. ఈ సంచిక మీ చేతికి వచ్చే రోజున అది డైనింగ్ హాలు గోడకు వేలాడుతూ ఉంటుంది. నాలుగడుగుల వెడల్పు, మూడడుగుల ఎత్తు. కొండలు, చెరువులు, కోటలు, ఒక మూల నోరు తెరిచిన మొసలి. చూసినవాళ్ళు అడగబోయే మొదటి ప్రశ్న మాకు ముందే తెలుసు: "బొమ్మలకు ఎంతయింది?" పైసా కాలేదు. కానీ అవి ఊరికే రాలేదు. ఈ రెండు మాటల మధ్య తేడా తెలుసుకోవడానికి మాకు ఒక సంవత్సరం పట్టింది.

మేము అంటే తొమ్మిదో నంబరు గది. నలుగురం. హాస్టల్లో పేర్లకంటే ఊర్లే ఎక్కువ పలుకుతాయి కదా, అట్లా మాలో ఒకడు దేవరకొండ, ఒకడు అచ్చంపేట, ఒకడు జనగామ, ఒకడు యాచారం. పొద్దున కాలేజీ, సాయంత్రం దిల్‌సుఖ్‌నగర్. అక్కడి సంగతి మీకు చెప్పేదేముంది, మెట్లెక్కితే కోచింగ్ సెంటరు, మెట్లు దిగితే జిరాక్స్ షాపు. యాచారం వాడు సాయంత్రాలు అలాంటి ఒక షాపులో పనిచేస్తాడు. ఒకరోజు ఎవరో ప్రింటుకు ఇచ్చిన కాగితాల్లో వాడు ఒక వింత పటం చూశాడు. దేశం కాదు, జిల్లా కాదు. లేని ఊరు, లేని నది, లేని కోట. "ఇదేం పటం సార్?" అని అడిగితే, ఆట అని చెప్పాడట ఆయన.

అట్లాంటి ఆటల్లో పేరున్నది డంజన్స్ అండ్ డ్రాగన్స్. 1974లో అమెరికాలో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ అనే ఇద్దరు దాన్ని తెచ్చారు. ఒకడు కథ చెబుతాడు, మిగతావాళ్ళు అందులో పాత్రలు. ఒకడు వీరుడు, ఒకడు మంత్రగాడు, ఒకడు దొంగ. "ముందు రెండు దారులున్నాయి, ఎటు పోతారు?" అని కథకుడు అడుగుతాడు. పోయిన దారిలో గెలుపా ఓటమా అన్నది పాచిక చెబుతుంది. కాశీమజిలీ కథలకు పాచికలు జోడిస్తే ఎట్లా ఉంటుందో అట్లా. ఇది బల్ల మీద ఆడే ఆట. మన గదుల్లో బల్లలెక్కడివి? రెండు ట్రంకు పెట్టెలు దగ్గరికి జరిపి, పైన దుప్పటి పరిచాం. ఇరవై ముఖాల పాచికకు బదులు అష్టాచెమ్మా గవ్వలు తెచ్చాం. మా గది లెక్కలో అష్ట పడితే రాక్షసుడు చచ్చినట్టే.

ఇక పటం. ఎక్కడో లేని దేశం ఎందుకు, మన చుట్టూ ఉన్నదాన్నే కథ చేద్దాం అనుకున్నాం. దిల్‌సుఖ్ అంటే మనసుకు సుఖం, కనుక రాజ్యం పేరు మనసుఖపురి. సరూర్‌నగర్ చెరువు మాయ సరస్సు. ఎల్‌బీ నగర్ చౌరస్తా నాలుగు దారుల కోట. మెట్రో స్తంభాలు నిలబడి నిద్రపోతున్న రాక్షసుల కాళ్ళు. 2018 సెప్టెంబర్ 24న ఎల్‌బీ నగర్ దాకా రైలు నడవడం మొదలైన నాటినుంచి వాళ్ళ నెత్తి మీద ఇనుప పాము తిరుగుతోంది. వనస్థలిపురం దగ్గరి హరిణ వనస్థలి కృష్ణజింకల అడవి, అక్కడ మంత్రాలు పనిచేయవు. కొత్తపేట పండ్ల మార్కెట్ బాటసింగారం తరలిపోయింది కదా, మా పటంలో అది 'మాయమైన మామిడి సంత'. దాన్ని వెతకడమే ఆట.

మొదటి పటాన్ని పోయిన ఏడాది వార్షికోత్సవానికే చేశాం. చేశాం అనడం కంటే ఎత్తుకొచ్చాం అనడం న్యాయం. ఫోన్లో 'ఫ్రీ ఫాంటసీ మ్యాప్' అని కొట్టి, కనబడిన కొండ, కనబడిన కోట, కనబడిన డ్రాగన్ అన్నీ దించుకున్నాం. డ్రాగన్ మీద అడ్డంగా సన్నటి అక్షరాలు ఉంటే అచ్చంపేట వాడు రాత్రంతా కూర్చుని వాటిని తుడిచేశాడు. ఎంత బాగా తుడిచాడని మేమంతా మెచ్చుకున్నాం కూడా! కింద పెద్ద అక్షరాలతో 'రూపకల్పన: రూమ్ నంబర్ 9' అని వేసి ఫ్లెక్సీ కొట్టించాం. తెచ్చి గోడకు కడితే కొండలన్నీ గళ్ళు గళ్ళు. ఫోన్లో మెరిసిన డ్రాగన్ ఇటుకలు పేర్చినట్టు ఉంది. అయినా చప్పట్లు పడ్డాయి.

ఆ రోజు సభకు వచ్చిన పూర్వ విద్యార్థుల్లో ఒక అన్న ఉన్నాడు. మన హాస్టల్లోనే చదివి, ఇప్పుడు బొమ్మలు గీసే కొలువు చేస్తున్నాడు. పటం ముందు చాలాసేపు నిలబడ్డాడు.

"బాగుంది తమ్మీ. ఈ డ్రాగన్ ఎవరు గీసిండ్రు?"

"నెట్ల దొరికింది అన్నా. ఫ్రీనే."

"ఫ్రీ అయితే సరే. గీసినోళ్ళు ఎవరో ఒకరు ఉంటరు గదా. వాళ్ళ పేరేది?"

మేము మాట్లాడలేదు. ఆయన కోప్పడలేదు. తాను గీసిన బొమ్మ ఒకటి, కింద సంతకం కోసేసి, ఒక దుకాణం బోర్డు మీద కనిపించిన సంగతి చెప్పాడు. ఆ బొమ్మకు పదకొండు రాత్రులు కూర్చున్నాడట. పోతూ పోతూ ఒక మాట అన్నాడు: "మనల్ని గూడ ఫ్రీ బువ్వ తినేటోళ్ళు అంటరు తమ్మీ. అన్నప్పుడు ఎట్లుంటదో జర యాదికి తెచ్చుకోండ్రి."

ఆ రాత్రి మాకు నిద్ర పట్టలేదు. కాలేజీలో మమ్మల్ని 'ఫ్రీ బ్యాచ్' అని పిలిచినవాళ్ళు ఉన్నారు. మీలో చాలామందికి ఈ మాట తెలుసు. అన్నప్పుడు నవ్వేస్తాం గానీ, గదికి వచ్చాక అది కడుపులో తిరుగుతూనే ఉంటుంది. మనం తినే అన్నం నిజంగా ఎవరిది? తెల్లవారకముందే లేచి పొయ్యి ముట్టించే వంట అక్కది. వరి పండించిన రైతుది. సబ్బుబిళ్ళ కొన్నా పన్ను కట్టే ప్రతి ఒక్కరిదీ, అందులో మా అమ్మానాన్నలూ ఉన్నారు. ఎస్సీ, ఎస్టీల, బలహీన వర్గాల చదువును ప్రత్యేక శ్రద్ధతో చూడాలని రాజ్యాంగం 46వ అధికరణంలో రాయించిన వాళ్ళది. మన అన్నం వెనుక ఇంతమంది ఉన్నారని మనకు తెలుసు, అందుకే ఆ మాట గుచ్చుకుంటుంది. మరి డ్రాగన్ వెనుక ఒక మనిషి ఉందని మాకెందుకు తట్టలేదు? దేవరకొండ వాడు లేచి వెళ్ళి, ఫ్లెక్సీ కింద ఉన్న మా గది పేరు మీద తెల్లకాగితం అంటించి వచ్చాడు.

మర్నాటి నుంచి చదువు మొదలైంది. ఆ అన్న ఫోన్లోనే మాకు పాఠాలు చెప్పాడు. మొదటి పాఠం: నెట్‌లో బొమ్మ కనబడినంత మాత్రాన అది అందరిదీ కాదు. 'కాపీరైట్' అని రాసి లేకపోయినా గీసినవాళ్ళకు హక్కు ఉంటుంది. మనం నిజంగా వాడుకోదగినవి మూడు రకాలు. హక్కు కాలం తీరినవి ఒకటి. గీసినవాళ్ళే అందరికీ వదిలేసినవి రెండు. షరతు పెట్టి ఇచ్చినవి మూడు.

హక్కు కాలం సంగతి మమ్మల్ని ఆశ్చర్యపరిచింది. మన దేశంలో 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం, గీసినవారు చనిపోయిన సంవత్సరం ముగిశాక ఇంకా 60 ఏళ్ళు హక్కు ఉంటుంది. రాజా రవివర్మ 1906లో, మన రాజమండ్రి చిత్రకారుడు దామెర్ల రామారావు 1925లో పోయారు. వాళ్ళ చిత్రాలకు ఆ గడువు ఎప్పుడో దాటింది. కానీ మేము ఆశపడింది పాత చందమామ బొమ్మల మీద. తాతల కాలం నాటివి కదా, ఎవరడుగుతారు అనుకున్నాం. వడ్డాది పాపయ్య గారు 1992లో పోయారు, కాబట్టి ఆయన బొమ్మలకు 2052 చివరి దాకా హక్కు ఉంది. విక్రమార్కుడి భుజాన బేతాళుణ్ణి వేసిన శంకర్ గారు పోయింది 2020లో. బాపు గారు 2014లో పోయారు, ఆయన గీత 2074 చివరి దాకా అంతే. పాతబడినంత మాత్రాన బొమ్మ అనాథ కాదని అప్పుడు తెలిసింది.

ఇక షరతుల సంగతి. క్రియేటివ్ కామన్స్ అనే సంస్థ 2001లో పుట్టింది, 2002లో తన లైసెన్సులను విడుదల చేసింది. వాటిని మేము హాస్టల్ భాషలోకి మార్చుకున్నాం. సీసీ జీరో: తీసుకుపో, ఏమీ అడగను. బై: తిను, కానీ వండినవాళ్ళ పేరు చెప్పు. ఎస్‌ఏ: నా నోట్సు చూసి నువ్వు నోట్సు రాసుకుంటే, దాన్ని కూడా నలుగురికీ ఇదే పద్ధతిలో ఇవ్వు. ఎన్‌సీ: వాడుకో, వ్యాపారం చేయకు. ఎన్‌డీ: ఉన్నదున్నట్టు పంచు, మార్చినదాన్ని పంచకు. పటానికి ఈ చివరిది పనికిరాదు. కొండను చిన్నది చేయాలి, చెట్టును కత్తిరించాలి, రంగు మార్చాలి కదా.

ఎక్కడ వెతకాలో కూడా చెబుతాం, తమ్ముళ్ళకు పనికొస్తుంది. ఓపెన్ గేమ్ ఆర్ట్ అనే చోటు 2009 నుంచి ఉంది. అక్కడ ఒక్కో బొమ్మకు ఒక్కో లైసెన్సు, చదివి తీసుకోవాలి. నెదర్లాండ్స్‌కు చెందిన కెన్నీ అనే ఆయన వేల బొమ్మలను సీసీ జీరో కింద ఇచ్చాడు. గేమ్ ఐకాన్స్‌లో కత్తి, డాలు, కోట, పాము లాంటి నాలుగు వేలకు పైగా నలుపు తెలుపు గుర్తులున్నాయి, పేరు చెబితే చాలు. మాకు బాగా నచ్చినవి మాత్రం కె. ఎం. అలెగ్జాండర్ అనే అమెరికా రచయిత ఇచ్చినవి. ఆయన పాత పటాల్లోని ఇళ్ళను, కొండలను, చెట్లను ఒక్కొక్కటిగా వేరుచేసి, కొత్త పటాలు గీసుకునేవాళ్ళకు ఉచితంగా పెట్టాడు. వాటిలో ఒక కట్ట 1652లో గోంబూస్త్ అనే ఆయన గీసిన పారిస్ నగర పటం నుంచి తీసింది. అంత పాత పారిస్ ఇళ్ళు ఇప్పుడు మా చైతన్యపురిలో ఉన్నాయి.

ఫ్లెక్సీ ఎందుకు గళ్ళు గళ్ళుగా వచ్చిందో కూడా తెలిసింది. మా డ్రాగన్ 800 చుక్కల వెడల్పు. దాన్ని నాలుగడుగుల ఫ్లెక్సీ నిండా పరిచాం. 48 అంగుళాలకు 800 అంటే అంగుళానికి 17 చుక్కలు కూడా లేవు. నాలుగడుగులు దూరం నుంచి చూసే గోడ పటానికి అంగుళానికి వంద చుక్కలైనా ఉంటే బాగుంటుంది, అంటే 4800 చుక్కల వెడల్పు కావాలి. చేతిలో పట్టుకుని చూసే కాగితానికైతే అంగుళానికి 300 వేసుకోవాలి. ఇదంతా తలనొప్పి అనుకుంటే ఎస్‌వీజీ రకం బొమ్మలు తీసుకోండి. అవి చుక్కలతో కాదు, గీతల లెక్కలతో ఉంటాయి, ఎంత పెంచినా చెడవు. వాటి కోసం ఇంక్‌స్కేప్ అనే సాఫ్ట్‌వేర్ ఉంది, అదీ ఉచితమే.

అక్షరాల దగ్గర మరో దెబ్బ తిన్నాం. మేము టైపు చేసిన 'మనసుఖపురి' ఫ్లెక్సీ షాపు కంప్యూటర్లో తెరిస్తే వత్తులన్నీ విడిపోయాయి. మా ఫాంటు అక్కడ లేదు మరి. గూగుల్ ఫాంట్స్‌లో మండలి, రామభద్ర, ధూర్జటి, సురవరం, తెనాలి రామకృష్ణ లాంటి తెలుగు ఫాంట్లు ఓపెన్ ఫాంట్ లైసెన్సుతో ఉన్నాయి. ఊర్ల పేర్లకు మండలి, రాజ్యం పేరుకు ధూర్జటి వాడాం. ప్రింటుకు ఇచ్చేముందు అక్షరాలను ఇంక్‌స్కేప్‌లో గీతలుగా మార్చేశాం. అప్పటినుంచి ఏ షాపులో తెరిచినా వత్తు కదల్లేదు.

ఇన్ని బొమ్మలు, ఇన్ని షరతులు ఎట్లా గుర్తుంటాయి? దానికి ఉపాయం వార్డెన్ సార్ గదిలో దొరికింది. అక్కడ స్టాక్ రిజిస్టర్ ఉంటుంది కదా: బియ్యం ఎప్పుడొచ్చాయి, ఎక్కడినుంచి వచ్చాయి, ఎంత. మేమూ ఒక లాంగ్ నోట్‌బుక్ తీసి గడులు కొట్టాం. బొమ్మ పేరు, గీసినవారు, దొరికిన చోటు, షరతు, మేము చేసిన మార్పు. గడి నిండని బొమ్మ పటంలోకి రాకూడదన్నది నియమం. ఒకసారి కృత్రిమ మేధను అడిగి ఒక కోట బొమ్మ తెప్పించాం. చూడటానికి బాగానే ఉంది. 'గీసినవారు' గడిలో ఏం రాయాలో తెలియక వదిలేశాం.

ఆ నోట్‌బుక్‌లో మొదటి వరుస డ్రాగన్‌దే. బొమ్మను వెనక్కి వెతికే పద్ధతిలో నాలుగు రోజులు వెతికితే గీసినామె దొరికింది. ఎక్కడో వేరే దేశంలో చదువుకుంటున్న అమ్మాయి. తన బొమ్మలు అడగకుండా వాడవద్దని స్పష్టంగా రాసుకుంది. మాకు వచ్చిన ఇంగ్లీషులో ఉత్తరం రాశాం. తుడిచిన అక్షరాలు తన పేరేనని, తప్పు మాదేనని, ఈ ఏడాది అనుమతిస్తే పేరుతో వేస్తామని. తొమ్మిదో రోజు జవాబు వచ్చింది. చెప్పినందుకు కృతజ్ఞతలు, కానీ ఆ డ్రాగన్‌ను ఇవ్వలేను అని. మాకు మొదట చిన్నబోయినట్టు అనిపించింది. తర్వాత ఆలోచిస్తే, కాదనే హక్కు ఉన్నప్పుడే కదా ఇవ్వడానికి విలువ. పాత ఫ్లెక్సీ మడిచి అటక మీద పెట్టాం. అందుకే ఈసారి పటంలో డ్రాగన్ లేదు. సరూర్‌నగర్ చెరువులో మొసలి ఉంది. దాన్ని జనగామ వాడు గీశాడు.

వాడు గీయడం మొదలుపెట్టింది మొసలితో కాదు, తాటిచెట్టుతో. ఎంత వెతికినా మాకు దొరికిన ఉచిత చెట్లన్నీ దేవదారులే, ఓకులే. తాటిచెట్టు కావాలంటే సముద్రం ఒడ్డున వంగిన కొబ్బరిచెట్టు వస్తుంది. కొండలన్నీ మంచు కొండలు, మన గుండు మీద గుండు నిలబడిన గుట్ట ఒక్కటీ లేదు. కోటలు వందలున్నాయి, వేపచెట్టు కింద పోచమ్మ గుడి లేదు. ప్రపంచమంతా ఉచితంగా ఇచ్చినదాంట్లో మన ఊరు లేదు. ఎందుకంటే మనవాళ్ళు ఎవరూ గీసి అక్కడ పెట్టలేదు. జనగామ వాడు తెల్లకాగితం మీద నల్ల స్కెచ్‌పెన్నుతో గీస్తూ పోయాడు. తాటిచెట్టు, గుట్ట, చెరువు కట్ట, తూము, పోచమ్మ గుడి, రేకుల ఇల్లు, మెట్రో స్తంభం, మన హాస్టల్ గేటు. ఫోన్‌తో ఫొటో తీసి, ఇంక్‌స్కేప్‌లో ట్రేస్ చేసి, మొత్తం 27 బొమ్మలు తయారు చేశాం.

తీసుకున్నవాళ్ళం ఇవ్వాలి కదా, వీటిని కూడా అందరికీ పెడదాం అనుకున్నాం. ఏ షరతు మీద? ఇక్కడ గదిలో గొడవ అయింది. యాచారం వాడు సీసీ జీరో అన్నాడు, పెద్దమనసుతో ఇచ్చేటప్పుడు షరతు ఎందుకని. మేము ముగ్గురం సరేనన్నాం. గీసినవాడు మాత్రం ఒప్పుకోలేదు.

"మా నాయన ఎల్‌బీ నగర్ అడ్డా మీద నిలబడి మేస్త్రీ పనికి పోయేటోడు. వనస్థలిపురంల ఎన్ని ఇండ్లు కట్టిండో లెక్క లేదు. ఒక్క ఇంటి మీద గూడ ఆయన పేరు లేదు. పైసలు వద్దు, ఏం వద్దు. పేరు మాత్రం ఉండాలె."

యాచారం వాడు ఇంకేం మాట్లాడలేదు. వాడే కంప్యూటర్ ముందు కూర్చుని షరతు గడిలో 'సీసీ బై' అని కొట్టాడు. బొమ్మ కింద పేరు, పేరు పక్కన ఊరు. మరుసటి ఆదివారం జనగామ వాడి నాన్న హాస్టల్‌కు వచ్చాడు. ఆయనకు చదువు రాదు. తాటిచెట్టు కింద అక్షరాలను వేలితో తడిమి, "ఇది మా ఇంటి పేరా?" అని అడిగాడు. అవునన్నాం. ఇంకోసారి తడిమి చూసుకున్నాడు.

తమ్ముళ్ళూ, ఈ పటం వెనక్కి తిప్పి చూడండి. అక్కడ పేర్లన్నీ ఉన్నాయి. మేము చూడని దేశాల వాళ్ళు, మేము పుట్టకముందే పోయినవాళ్ళు, జనగామ వాడు. ముందువైపు పటం మాది అని చెప్పుకునే ధైర్యం ఆ వెనకవైపు వల్లనే వచ్చింది. మా 27 బొమ్మలు పెన్‌డ్రైవ్‌లో వేసి లైబ్రరీ బీరువాలో పెట్టాం, పక్కన నోట్‌బుక్ కూడా ఉంది. వాడుకోండి, మార్చుకోండి, పేరు రాయండి. మీ ఊరి బొమ్మ అందులో లేకపోతే మీరే గీసి కలపండి, నోట్‌బుక్‌లో ఇంకా చాలా పేజీలు ఖాళీగా ఉన్నాయి.

రేపు కాలేజీలో ఎవరైనా మిమ్మల్ని 'ఫ్రీ బ్యాచ్' అంటే తల దించుకోకండి. ఔను, మాకు ఇచ్చినవాళ్ళు ఉన్నారు, వాళ్ళ పేర్లు మాకు తెలుసు అని చెప్పండి.

ఆట ప్రతి శనివారం రాత్రి భోజనాల తర్వాత. గవ్వలు మా దగ్గర ఉన్నాయి. మామిడి సంత ఇంకా దొరకలేదు.

ఇట్లు
మీ తొమ్మిదో నంబరు గది